ఎనిడ్ పాస్కో ఇవ్వని మొదటి బహుమతి

ఆస్ట్రేలియాలో ఉక్కు కర్మాగారం ఉన్న వయాలా ఊరి పత్రికలో రాక్ సంగీతం మీద రాసే ఎనిడ్ పాస్కోకి ఆ సంగీతంలో ఓనమాలు రావు. చాడీ చెప్పడం లేదు, ఉన్నమాటే. అసలావిడ వంటల శీర్షిక మనిషి. ఏటా వ్యవసాయ ప్రదర్శనలో స్కోన్లనే చిన్న తీపి రొట్టెలకీ జామ్ సీసాలకీ బహుమతులు నిర్ణయించేది. రాక్ గురించి రాసే కుర్రాడు చెప్పాపెట్టకుండా పెర్త్ చెక్కేస్తే, సంపాదకుడు లెన్ హార్‌వుడ్ ఆవిడ బల్ల దగ్గరికొచ్చాడు.

"ఆదివారం మధ్యాహ్నం పబ్బులో పాటలున్నాయి. నువ్వెళ్లు ఎనిడ్."

"ఆ గోల గురించి నాకేం తెలుసయ్యా?"

"స్కోన్ల గురించి రాయడం లేదూ? అలాగే రాసెయ్."

వెళ్లింది. చెవులు గింగురుమన్నాయి గానీ బాగుందో లేదో ఒక్క ముక్క బుర్రకెక్కలేదు. ఏం చెయ్యాలో పాలుపోక జనాన్ని చూస్తూ కూర్చుంది. ఒకడు బీరుగ్లాసు ఎత్తి, నోటిదాకా తీసుకెళ్లకుండా అలాగే నిలబడిపోయాడు. ఉక్కు కొలిమి దగ్గర మాడి వచ్చినవాడు బీరు తాగడం మరిచిపోయాడంటే ఇందులో ఏదో ఉన్నట్టే అనుకుంది. ఆనాటి నుంచి అదే ఆవిడ కొలత. బీరు చేతుల్లో వేడెక్కితే రెండో బహుమతి. గబగబా ఖాళీ అయితే పాల్గొన్నందుకు అభినందనలు. మొదటిది మాత్రం ఎవరికీ ఇవ్వలేదు. తగిన స్కోను లేని ఏడాది ప్రదర్శనలో మొదటి బహుమతి నీలం రిబ్బను డబ్బాలోనే ఉండిపోతుంది, ఇక్కడా అంతే.

ఊరు ఈ రాతలకి పడిచచ్చింది. ఆవిడ మెచ్చుకుంటోందో వెటకారం చేస్తోందో పాడేవాళ్లకి అంతుబట్టేది కాదు. ఆ మాటకొస్తే ఆవిడకీ అంతుబట్టేది కాదు. ఇలాగే ఏళ్లు గడిచిపోయాయి.

ఒక శనివారం కెవ్ డన్‌స్టాల్ వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. ఉక్కు కర్మాగారంలో వెల్డరు, సెలవురోజుల్లో పాటగాడు.

"ఆంటీ, ఉద్యోగం మానేసి అడిలైడ్ వచ్చి పాడమంటున్నారు. ఇక్కడేమో ఫోర్‌మన్‌ని చేస్తామంటున్నారు. రేపు పబ్బులో పాడతా. నువ్వు మొదటి బహుమతి అంటే పోతా. లేదంటే నోరు మూసుకుని ఫోర్‌మన్ టోపీ పెట్టుకుంటా."

"మీ ఆవిణ్ణి అడగరాదూ?"

"దానికి నేనంటే ఇష్టం, ఎలా పాడినా బాగుందనే అంటుంది. నీకు మొహమాటం లేదు కదా."

నాకేమీ తెలియదు నాయనా అని చెప్పేద్దామనుకుంది ఎనిడ్, తీరా తలూపి పంపేసింది. ఇంత పిచ్చి నమ్మకం ఎవడు పెట్టుకోమన్నాడు వీణ్ణి!

ఆదివారం తన మూలబల్ల దగ్గర నిమ్మరసం గ్లాసు పెట్టుకుని కూర్చుంది. ఇవాళ పబ్బులో ఒక్క గ్లాసు కూడా తన కన్ను దాటిపోకూడదని గట్టిగా అనుకుంది. కెవ్ పాట ఎత్తుకున్నాడు.

పాటలన్నీ అయ్యాక చెమట తుడుచుకుంటూ తిన్నగా ఆవిడ దగ్గరికే వచ్చాడు.

"చెప్పాంటీ."

ఆవిడ తల దించుకుంది. "నాకు పాట తెలీదురా. ఏనాడూ తెలీదు. జనం బీరు తాగుతున్నారా, మర్చిపోయారా అని చూసి రాస్తా. అంతే నా విద్య."

కెవ్ మొహం పాలిపోయింది. కుర్చీ లాక్కుని కూర్చుంటూ, "సరే, ఇవాళ ఏం చేశారు?" అన్నాడు.

"అదే తెలీడం లేదు. చూడ్డానికే వచ్చా. ఎందుకో చూళ్లేదు. ఏమైపోయానో నాకే తెలీదు." ఆవిడ తన ఖాళీ కాగితం చూపించింది. "నీ బతుకంతా నా మీద పెట్టావు, ఆ ఒక్క పనీ చెయ్యలేకపోయా. తిట్టు, పడతా."

కెవ్ తిట్టలేదు. బల్ల మీదికే చూస్తున్నాడు. నిమ్మరసం పోసింది పోసినట్టే ఉంది, ఆవిడ ఒక్క గుక్కా తాగలేదు. మంచుముక్కలు ఎప్పుడో కరిగిపోయాయి.

"ఏమిట్రా అలా చూస్తావు?" అంది ఎనిడ్ అయోమయంగా.

"ఏం లేదాంటీ," అని నవ్వుతూ గ్లాసు ఆవిడ చేతికిచ్చాడు. "తాగు. వేడెక్కిపోయింది."