ఒక్కసారే అడిగే ఫిన్లాండ్ సారు

మా ఫిన్లాండ్ సారు పోయారు. సోమవారం పొద్దున పదిన్నరకి, కువైట్‌లోని వఫ్రాలో మా గ్రీన్‌హౌస్ పన్నెండో వరసలో టమాటా తీగలకు తాడు కడుతుండగా ఆయన కూతురి దగ్గర్నుంచి ఫోన్‌కి వాయిస్ మెసేజ్ వచ్చింది. ఇంగ్లీషులో, ఆగి ఆగి చెప్పింది. ఆసుపత్రిలో కాదు, ఇంట్లోనే, కిందటి వారం ఒకరోజు మధ్యాహ్నం భోజనం అయ్యాక కుర్చీలో కూర్చుని అలాగే పోయారట. విని ఫోన్ జేబులో పెట్టుకుని మిగిలిన తీగలు కట్టాను. ఏడుపు రాలేదు. ఇప్పటికీ రాలేదు. వరస చివరిదాకా వెళ్లి తిరిగి చూస్తే నాలుగు మొక్కలు కట్టకుండా వదిలేశానని తెలిసింది. వెనక్కొచ్చి అవీ కట్టాను.

ఆ అమ్మాయి ఇంకో మాట కూడా చెప్పింది. వాళ్ల దగ్గర అంత్యక్రియలయ్యాక బంధువులు, స్నేహితులు కలిసి కూర్చుని భోంచేస్తారట. దూరాన ఉన్నవాళ్లు రాసి పంపిన మాటల్ని అక్కడ అందరి ముందూ పైకి చదువుతారట. "మీరేమైనా రాస్తే నేను చదువుతాను" అంది. ఆయనకి నేను చెప్పాల్సిన మాట ఒకటుంది. ఏడేళ్లుగా చెప్పలేదు. అది ఇప్పుడు ఆ అమ్మాయికి రాయడమా మానడమా అని తేల్చుకోలేక నాలుగు రోజులు గడిపాను. ముందు ఆ మనిషి ఎలాంటివాడో మీకు చెప్పాలి, లేకపోతే నా గోడు మీకు అర్థం కాదు.

నాది జగిత్యాల జిల్లా. డిగ్రీ రెండో ఏడు మధ్యలో వదిలేసి కువైట్ వచ్చినవాణ్ణి. మా తోట యజమాని, అంటే మా కఫీల్, చల్లటి గ్రీన్‌హౌస్‌లో టమాటాలు వేయాలనుకుని వాటి సంగతి తెలిసిన మనిషిని ఫిన్లాండ్ నుంచి రప్పించాడు. ఆయనే మా సారు. అరవై దాటిన మనిషి. పొడుగ్గా, ఎండకి ఎర్రగా కమిలిపోయిన ముక్కుతో ఉండేవారు. ఆయన ఇంగ్లీషు మా ఇంగ్లీషంతే. అందుకేనేమో మాకు తొందరగా కుదిరింది.

ఆయనకి పొద్దున పదకొండింటికి మధ్యాహ్న భోజనం. పదకొండూ ఐదు కాదు, పదకొండు. వాళ్ల దేశంలో బడిపిల్లల నుంచి ఆఫీసువాళ్ల దాకా అదే వేళట. చేతిలో కత్తెర ఉన్నా కింద పెట్టేసి, మొక్కల మధ్య ప్లాస్టిక్ డబ్బా బోర్లించుకుని కూర్చునేవారు. సూట్‌కేసులో ఇంటినుంచి తెచ్చుకున్న రై అనే ధాన్యం రొట్టె, నల్లగా, ఎండిన అట్టముక్కలా ఉండేది. దానిమీద మందంగా వెన్న, పక్కన తొక్కతో ఉడకబెట్టిన బంగాళాదుంపలు, ఒక గ్లాసు మజ్జిగ. అన్నంలోకి కాదు, ఊరికే మంచినీళ్లు తాగినట్టు మజ్జిగ. అది చూసి నాకు ప్రాణం లేచొచ్చింది. ప్రపంచం ఆ చివర కూడా మజ్జిగ తాగేవాళ్లున్నారన్నమాట అనుకున్నాను.

మొదటి రోజే నావైపు రొట్టె చాపి "తింటావా?" అన్నారు. ఆకలి దంచేస్తోంది. అయినా మన పద్ధతి మనది కదా, "వద్దు సార్" అన్నాను, ఇంకోసారి అడిగితే తీసుకుందామని. ఆయన సరేనని తలూపి, రొట్టె డబ్బాకి మూత పెట్టేసి లేచారు. రెండో రోజూ అంతే, మూడో రోజూ అంతే. రోజుకొక్కసారి అడుగుతారు, నేను వద్దంటాను, మూత పడుతుంది. ఛ, ఇదేం మర్యాద, ఎదుటి మనిషిని బతిమాలి నాలుగు ముద్దలు పెట్టడం కూడా తెలీదు అని లోపల తిట్టుకునేవాణ్ణి. మాతో పనిచేసే రాయచోటి భాయ్ ఇదంతా చూసి నవ్వాడు.

"ఆయప్ప రెండోతూరి అడగడు తమ్ముడూ. తినాలనుంటే ఒకటోతూరే ఊ అనల్ల. నువ్వు యాన్నో అత్తగారింటికి పొయినట్టు సిగ్గుపడతాండావే!"

ఒకరోజు ధైర్యం చేసి సారునే అడిగాను, ఎందుకు రెండోసారి అడగరని. ఆయనకి ప్రశ్న అర్థం కావడానికే కాసేపు పట్టింది. "నువ్వు వద్దన్నావు. మళ్లీ అడిగితే నీ మాట నేను నమ్మలేదని అర్థం" అన్నారు. ఆ మర్నాడు అడగ్గానే ఊ అన్నాను. రొట్టె పుల్లగా, గట్టిగా ఉంది. దవడ నొప్పి పుట్టింది. మొత్తం తిన్నాను. పళ్లెంలో వేసుకున్నది వదిలితే ఆయన ఏమీ అనరు, కానీ చూస్తారు. ఎంత తినగలవో నీకు తెలియాలి కదా అన్నట్టు ఉంటుంది ఆ చూపు.

గురువారం ఆయనకి బఠానీ పప్పు రోజు. వాళ్ల దేశంలో గురువారమైతే చాలు, ఇళ్లలో, బళ్లలో, సైన్యంలో కూడా ఎండు బఠానీలు మెత్తగా ఉడికించిన గంజిలాంటిది వండుతారట. అక్కడైతే అందులో పంది మాంసం వేస్తారు. ఇక్కడ దొరకదు, దొరికినా రాయచోటి భాయ్ పక్కన కూర్చుని తినాలి కాబట్టి వద్దనుకున్నారు. పెద్ద గిన్నెతో అందరికీ వండి మా రూముకి తెచ్చేవారు. ఉప్పు తప్ప ఏమీ ఉండదు. మేం ఎండుమిర్చి, వెల్లుల్లి వేసి పోపు పెట్టుకునేవాళ్లం. ఆయన ఆ పోపు చప్పుడుకి ఉలిక్కిపడేవారు. రెండో ఏడుకి గిన్నె పట్టుకుని పొయ్యి పక్కన నిలబడి, పోపు పడ్డాకే తన వాటా తీసుకునేవారు.

వాళ్ల తోటల గురించి అప్పుడప్పుడు చెప్పేవారు. చలికాలం నెలల తరబడి సూర్యుడు సరిగ్గా కనపడడట. దోసకాయలకి, టమాటాలకి గాజు ఇళ్లలో దీపాలు వెలిగించి పెంచుతారట. "అక్కడ మేం మొక్కకి వెలుతురు కొనిపెడతాం. ఇక్కడ మీరు చల్లదనం కొనిపెడుతున్నారు. మొక్క మాత్రం ఒకటే" అనేవారు. వేసవి మొదట్లో నేలలోంచి తీసిన నిమ్మకాయంత బంగాళాదుంపలు, వెన్న, సోయికూర వేసుకుని తింటే అదే వాళ్లకి పండగట. అడవిలో కాసే నీలం పళ్లు ఎవరి భూమిలో ఉన్నా ఎవరైనా కోసుకోవచ్చట, అడిగే పని లేదు. నేను నమ్మలేదు. "భూమి గలాయన ఏమనడా?" అన్నాను. "ఏమంటాడు? ఆయన కూడా పక్కవాడి అడవిలో కోసుకుంటుంటాడు" అన్నారు. ఇంతకన్నా పెద్ద మాటలు ఆయన నోట ఎప్పుడూ రాలేదు.

ఇక నేను చేసిన పని చెప్పాలి.

టమాటా పూత కాయ కట్టాలంటే పూలని ఎవరో ఒకరు కదపాలి. గ్రీన్‌హౌస్‌లో గాలి ఉండదు కాబట్టి ఆ పనికి బొద్దుగా ఉండే ఒక రకం తేనెటీగల్ని అట్టపెట్టెల్లో తెప్పించేవారు. మేం వాటిని తుమ్మెదలనేవాళ్లం. పెట్టె అడుగున వాటి తిండి, ఒక సంచిలో చక్కెర పాకం, ముందే ఉంటుంది. పెట్టెల్ని ఇనప స్టాండ్ల మీద పెట్టి, చీమలు ఎక్కకుండా స్టాండు కాళ్లకి సారు తన చేత్తోనే గ్రీజు రాసేవారు. ఏడేళ్ల కిందట ఒకసారి సారు తన ఇఖామా పర్మిట్ పని మీద రెండు రోజులు సిటీకి వెళ్లారు. ఆయన వెళ్లే ముందురోజే దుమ్ము గాలి లేచి లోపలంతా దుమ్ము పడింది. ఆయన వెళ్లిన మధ్యాహ్నం నేను పెట్టెలు చూడబోతే ఒక పెట్టెలో పాకం సంచి ఖాళీగా కనపడింది. తుమ్మెదలు రెక్కలు ముడుచుకుని కదలకుండా కూర్చున్నాయి. సారుకి ఫోన్ చేసి ఉంటే సరిపోయేది. చెయ్యలేదు. నా కళ్లముందు పస్తుంటే చూస్తూ ఊరుకోలేకపోయాను. అబ్బాసియా బజారు నుంచి తెచ్చుకున్న బెల్లం నీళ్లలో కరిగించి, చిన్న మూతల్లో పోసి, పైన తీగలు కట్టే కమ్మీ నుంచి తాడుతో ప్రతి పెట్టె ముందూ, దానికి ఆనేలా వేలాడదీశాను. ఎనిమిది పెట్టెలకీ పెట్టాను, ఒకదానికి పెట్టి ఇంకోదానికి మానడం ఎందుకని.

గ్రీజు దాటనక్కర్లేకుండా చీమలకి ఆ తాళ్లే దారి అయ్యాయి. మర్నాడు పొద్దున వెళ్లేసరికి పెట్టెలనిండా చీమలు. ఐదు పెట్టెల్లో ఒక్కటి కూడా బతకలేదు. చెప్పడానికి ముఖం చెల్లలేదు. గబగబా తాళ్లు కోసి, మూతలు కడిగి చెత్తలో పడేశాను.

సారు వచ్చి పెట్టెలు విప్పి చూశారు. స్టాండు కాళ్ల దగ్గర మోకాళ్ల మీద కూర్చుని వేలితో గ్రీజు తాకారు. దానిమీద దుమ్ము గట్టిగా పేరుకుపోయి ఉంది. మా ఆరుగురినీ పిలిచారు. కోపం లేదు, మామూలుగానే అడిగారు.

"ఇక్కడ ఎవరైనా తీపి ఏదైనా పెట్టారా?"

నా నోరు పెగల్లేదు. ఒట్టేసి చెప్తున్నాను, ఇంకొక్కసారి అడిగితే చెప్పేవాణ్ణి. మనవాళ్లెవరైనా అయితే అడిగేవారు. నిజం చెప్పండిరా, ఏమీ అననులే అని పదిసార్లు అడిగేవారు. నేను ఆ రెండోసారి కోసం కాచుకుని నిలబడ్డాను. ఆయన అందరి మొహాలూ ఒకసారి చూసి, తలూపారు. "అయితే పొరపాటు నాది. దుమ్ము పడ్డాక గ్రీజు మీదుగా చీమలు నడుస్తాయి. వెళ్లేముందు తుడిచి మళ్లీ రాయాల్సింది" అన్నారు. మా మాట నమ్మారు. మేం మాటే అనలేదు, అది కూడా నమ్మారు.

కఫీల్‌కీ అదే చెప్పారు. కొత్త పెట్టెలు రావడానికి వారాలు పడుతుందని, కరెంటుతో తిరిగే పళ్ల బ్రష్షులు తెప్పించి మా అందరి చేతికీ ఇచ్చారు. ఒక్కో పూగుత్తికీ ఆనించి వణికించాలి. రాయచోటి భాయ్ బ్రష్షు పట్టుకుని, "మా అబ్బ జన్మలో ఇట్లాంటి దాంతో పండ్లు తోమినోడు కాదు. నేను చూడు, పూలకు తోముతాండా!" అని నవ్వించాడు. సారు కూడా మాతోపాటు నించుని రోజుకి ఆరుగంటలు తోమారు. ఆయన చేతులు వణకడం అప్పుడే మొదటిసారి గమనించాను. సగం పూత రాలిపోయింది. ఎండలు ముదిరి తోట ఖాళీ చేసే రోజుల్లో కఫీల్ వచ్చి కాంట్రాక్టు ఖలాస్ అన్నాడు. సారు సరేనన్నారు, ఒక్కసారి.

వెళ్లే రోజు ఆయన సూట్‌కేసులు కారులో పెట్టింది నేనే. అప్పుడైనా చెప్పలేకపోయాను. చెప్తే నా పని పోతుందన్న భయం ఒకటి. ఆయన నా వైపు చూసే చూపు మారిపోతుందన్న భయం ఇంకొకటి, అదే ఎక్కువ. ఆ తర్వాత ప్రతి ఏడూ మొదటి పండు ఎర్రబడగానే ఫోటో తీసి పంపేవాణ్ణి. పైకెత్తిన బొటనవేలి బొమ్మ ఒకటి తిరిగొచ్చేది, అంతే.

సోమవారం నాటి వాయిస్ మెసేజ్ చివర్లో ఆ అమ్మాయి ఇది కూడా చెప్పింది: "నాన్న కువైట్ గురించి ఎప్పుడు మాట్లాడినా చివరికి ఒకటే అనేవారు, ఆ రోజు గ్రీజు తుడిచి వెళ్లాల్సింది అని. అదేం గ్రీజో మాకు తెలీదు." నలభై ఏళ్లు మొక్కలు పెంచిన మనిషి, చెయ్యని తప్పు తనదేననుకుని పోయారు. నేను అనుకోనిచ్చాను.

గురువారం పొద్దున రాయచోటి భాయ్‌కి చెప్పేశాను.

"గా బెల్లం నీళ్లు వెట్టింది నేనే భాయ్. సారు తప్పేం లేదు. గిన్నేండ్లు సప్పుడు జెయ్యక ఊకున్న."

భాయ్ చేతిలో కత్తెర ఆపాడు. "పొయినాయప్పకు ఇప్పుడు చెప్పి యాం చేస్తావు? లేచొస్తాడా?" అన్నాడు. కత్తెర మళ్లీ ఆడించాడు. రెండు మొక్కలు దాటాక వెనక్కి తిరిగాడు. "అయినా రాయి. ఆ బిడ్డకు తెలియల్ల. వాళ్లమ్మకు తెలియల్ల."

రాశాను. వచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కల్లోనే రాశాను. తుమ్మెదలకి బెల్లం నీళ్లు పెట్టింది నేను, తాళ్లు కట్టింది నేను, దాచింది నేను. చీమలు దిగింది ఆ తాళ్ల మీదుగా, గ్రీజు మీదుగా కాదు, మీ నాన్న తప్పేం లేదు. ఆయన అడిగినప్పుడు నేను పలకలేదు. ఇంతే. క్షమించమని రాయబోయి కొట్టేశాను. వాళ్లని ఇంకో పని చెయ్యమని అడిగినట్టు అనిపించింది.

శనివారం అంత్యక్రియలు. ఆ రోజంతా ఫోన్ మోగలేదు. ఆదివారం, పనిలోకి దిగాక, ఆ అమ్మాయి దగ్గర్నుంచి రెండు ముక్కలొచ్చాయి.

"మీరు రాసింది అందరికీ చదివాను. అమ్మ ఇంకోసారి చదవమని అడిగింది."

ఆవిడని నేనెప్పుడూ చూడలేదు. ఆ ఇల్లూ చూడలేదు, ఆ దేశమూ చూడలేదు. అయినా అప్పటినుంచి నా కళ్లముందు అదే కదులుతోంది. అందరూ తలలు వంచుకుని ఉన్న ఒక పొడుగాటి బల్ల దగ్గర, ఒక ముసలావిడ చేతిలో కప్పు కింద పెట్టి, కూతురి వైపు తిరిగి, ఇంకోసారి అని అడుగుతోంది.