తప్పు చేయని రెఫరీ

చిక్కడపల్లిలో కిరాయికి ఉండే ఫుట్‌బాల్ రెఫరీ శ్రీశైలం రోజూ పొద్దున్నే స్నానం చేసి, విజిల్ కడిగి, బొట్టు పెట్టి, గంట బదులు దాన్నే దేవుడి ముందు ఊదేవాడు. దేవుడైనా ఆయన ఊదాకే ఆట మొదలుపెట్టాలి మరి. ఇరవై రెండేళ్ల రెఫరీగిరీలో ఆయన ఎన్నడూ తప్పు చేయలేదు, చేసిందంతా ఆటగాళ్లే. నారాయణగూడ హోటల్లో చాయ్ చల్లారినా చేయి ఎల్లో, రెడ్ కార్డుల జేబులోకి పోయేది. పాపం, వెయిటర్ నవ్వుతూ వేడిది తెచ్చి పెట్టేవాడు.

మొన్నొక అమ్మాయిల మ్యాచ్‌లో ఎవరో అమ్మాయి కాలు అడ్డం పెడితే, పక్కనున్న స్వరూపకు రెడ్ కార్డు చూపించాడు. "నేను కాదు సార్!" అని ఆ పిల్ల మొత్తుకుంటే, "రెఫరీకే నేర్పుతవా?" అన్నాడు. ఆ కార్డుతో ఆమెను రాష్ట్ర జట్టు ఎంపికకు రావద్దన్నారు. స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగం వస్తుందన్న ఆశా పోయింది. ఇంటికొచ్చి శ్రీశైలం ఆ మ్యాచ్ వీడియోను ఫోనులో పదకొండుసార్లు చూశాడు. కాలు పెట్టింది వేరే అమ్మాయేనన్న తన నిర్ణయాన్ని ఫోను మాత్రం మార్చుకోలేదు.

మరునాడు అశోక్‌నగర్‌లో, స్వరూప ఉద్యోగ పరీక్షలకు చదువుకుంటూ ఉండే హాస్టల్ గేటు ముందు కాగితం పట్టుకుని నిలబడ్డాడు.

"ఏంది సార్, ఈడ గూడ కార్డు చూపిస్తరా?" అందామె.

"కాదు బిడ్డా. కమిటీకి అర్జీ రాద్దామని పొద్దుగాల్నుంచి కూసున్న. 'గౌరవనీయులైన' కాడనే ఆగింది. తప్పు నాదే అని ఎట్ల రాస్తరో నాకు తెల్వది. నువ్వు పరీక్షలకు చదువుతున్నవు గద, జర రాసియ్యి. సంతకం నేను పెడ్త."