పెరట్లో పాతిన గుల్లలు

నత్తగుల్లలోంచి కండ తియ్యడానికి తుమ్మముల్లును మించింది లేదు. పుల్ల అయితే విరుగుతుంది, సూది అయితే జారిపోతుంది. ముందు నత్తల్ని నీళ్ళలో వదిలేసి మన్నంతా కక్కించాలి. ఆ తర్వాత ఉప్పువేసి ఉడకబెడితే మూతికి అడ్డంగా పెట్టుకున్న బిళ్ళ ఊడొస్తుంది. అప్పుడు ముల్లు గుచ్చి మెల్లగా తిప్పుతూ లాగాలి. చివరి నల్లటి పేగు తీసి పారెయ్యాలి. ఆ పని మా ఇంట్లో నాది. ఆ నీచువాసన నాకు చచ్చేంత అసహ్యం. ఇప్పటికీ తొలివానకు మడికట్ల మీంచి ఆ వాసన వస్తే ముఖం తిప్పుకుని నడుస్తాను.

అప్పుడు మేము గోదావరిఖనిలో కంపెనీ క్వార్టర్లో ఉండేవాళ్ళం. అరవైలు అయిపోయి డెబ్బైలు వస్తున్న కాలం. బాపు ఊళ్ళో సేద్యం వదిలిపెట్టి వచ్చి బొగ్గుబాయిలో టబ్బులు నింపే పనికి కుదిరాడు. గనిని మావాళ్ళు బాయి అనే అంటారు. క్వార్టర్లన్నీ ఒకే వరస, ఇంటికీ ఇంటికీ మధ్య ఒకటే గోడ. మా వంటింట్లో మిరపకాయ పోపు వేస్తే పక్కింటివాళ్ళు తుమ్మేవాళ్ళు. వెనక ఇంటింటికీ చిన్న పెరడు, దడి. మాకు క్వార్టర్ దొరికిన రోజు అమ్మ గోడలు తడిమి చూసుకుని మురిసిపోయింది. ఆ గోడ ఎంత పల్చనో తర్వాత తెలిసింది.

బాపుకు దగ్గు పట్టుకుంది. బాయిలో దగ్గు దగ్గు కాదు, అక్కడ అందరూ దగ్గుతారు, నల్లగా ఉమ్ముతారు, నవ్వుకుంటారు. ఇంటికొచ్చాక కూడా ఆగకపోతేనే రోగం. డ్యూటీ దిగి వచ్చి స్నానం చేసి మంచం మీద కూర్చోగానే బాపుకు అది తెరలు తెరలుగా వచ్చేది. తువ్వాల మడిచి నోట్లో కుక్కుకునేవాడు. మెడ నరాలు తాళ్ళలా ఉబ్బేవి. గోడ అవతలికి వినపడకూడదని అమ్మ గబగబా రోట్లో ఏదో ఒకటి వేసి దంచేది. మిరపకాయలుంటే మిరపకాయలు, ఏమీ లేకపోతే ఉత్త రోలు. మా ఇంట్లో కారం దంచినంతగా ఏ పెళ్ళివారింట్లోనూ దంచి ఉండరు. పక్కింట్లోనూ వేళాపాళా లేకుండా రోలు మోగేది. "గీళ్ళు కారం బుక్కుతరా ఏంది?" అని మేము నవ్వుకునేవాళ్ళం.

ఇంత దాపరికం ఎందుకంటే, మా వరస చివర్లో ఒకాయన ఉండేవాడు. ఆయన దగ్గు సంగతి ఎవరో కంపెనీ ఆఫీసుకు మోశారు. దవాఖానకు పిలిపించి ఛాతీ ఫోటో తీశారు, అన్‌ఫిట్ అన్నారు. కొద్దిరోజుల్లోనే వాళ్ళ సామాను ఎడ్లబండి ఎక్కింది. మంచం, గుండిగ, పిల్లలు, పైన ఆయన. వరసలోని ఆడవాళ్ళంతా గడపల్లో నిలబడి చూశారు. ఆ సాయంత్రం బాపు అమ్మతో అన్నమాట నాకు బాగా గుర్తుంది.

"నన్ను దవాఖానకు తోలకు. గా ఫోటో దిగినంక ఎవ్వడు బాయిల దిగలే."

"దమ్ముకు నత్తలున్నయ్ గద. మా నాయిన గవ్వి తినే లేషి తిరిగిండు," అంది అమ్మ.

మా దిక్కు నత్త దమ్ముకు, అంటే ఆయాసానికి, మందు. ఊళ్ళో వానాకాలం వస్తే పొలాల్లో ఏరుకొచ్చి వండుకోవడం మామూలే, సిగ్గుపడే సంగతేమీ కాదు. కాలనీలో లెక్క వేరు. సంతలో చేపలు, మాంసం కొనుక్కునే కంపెనీవాళ్ళ గడప ముందు నత్తగుల్లలు కనపడ్డాయంటే, ఆ ఇంట్లో ఎవరికో ఛాతీ పాడైందని పోల్చుకుంటారు. అందుకని మా ఇంట్లో గుల్ల పెంటకుప్ప మీదికి పోలేదు. బాపు చిన్న గడ్డపారతో పెరట్లో గుంట తవ్వేవాడు, అమ్మ గుల్లల్ని పోసి పైన బూడిద చల్లి మట్టి కప్పేది. దాని మీద సొరపాదు పెట్టింది. అది దడి ఎక్కి, కప్పు ఎక్కి, విరగకాసింది. ఏం ఎరువు వేశావని అడిగితే "పెండ" అనేది అమ్మ, కళ్ళెత్తకుండా.

నత్తల కోసం కాలనీ దాటి చెరువు దాకా పోయేవాళ్ళం. గంప అడుగున నత్తలు, పైన గంగవాయిలి కూర. దారిలో ఒక్కోసారి పక్కింటామె ఎదురయ్యేది. ఆమె గంపలోనూ పైన కూరాకే.

"ఏం కూర చెల్లె?"

"గంగవాయిలి అక్క. నీదేంది?"

"తుమ్మికూర."

అంతే, ఎవరి దారిన వాళ్ళం. ఆమె గంప నుంచి నీళ్ళు కారుతుండేవి. చెరువుగట్టు మీద కోసుకొచ్చిన కూరకు అన్ని నీళ్ళెందుకుంటాయని నాకు తోచలేదు. మా గంప మీదే ఉండేది నా ధ్యాసంతా.

ఆ వానాకాలం బాపు కాస్త తేరుకున్నాడు. ముద్ద దిగింది, నిద్రపట్టింది. అమ్మ ముఖంలో వెలుగు వచ్చింది. నేను కూడా ముక్కు మూసుకుని మరీ ముల్లు తిప్పాను, మా బాపును నేనే బాగుచేస్తున్నానన్నంత గర్వంగా. ఎండాకాలం రాగానే చెరువు పగుళ్ళిచ్చింది. నత్తలు బురదలోపలికి దిగి, బిళ్ళ గట్టిగా బిగించుకుని పడుకుంటాయి. అమ్మ ఎండిన చెరువులో మోకాళ్ళ మీద కూర్చుని గడ్డపారతో పెళ్ళలు లేపేది. చేతులు బొబ్బలెక్కేవి. దొరికినవి గుప్పెడు. బాపుకు కూర తగ్గింది, దగ్గు పెరిగింది. మేము ఆ రెంటికీ ముడిపెట్టాం. నత్తలు దొరకకే ఇట్లా అయిందనుకున్నాం. ఇంకో ఆలోచనే రాలేదు మాకు. ఎంత అన్యాయమైన నమ్మకం అది!

బాపు డ్యూటీలోనే నెత్తురు కక్కుకున్నాడు. తోటివాళ్ళు మోసుకొచ్చి దవాఖానలో పడేశారు. డాక్టరు పెద్దాయన, కోపిష్టి. క్షయ అన్నాడు. ముదిరిపోయింది అన్నాడు.

"ఇన్నాళ్ళు ఏం తినిపించావమ్మా?"

"కోడికూర సారూ," అంది అమ్మ.

అక్కడ కూడా దాచింది. దాచడం అలవాటైన నోరు. డాక్టరు తల పట్టుకుని చెప్పాడు, ఈ జబ్బుకు మందులున్నాయని, మొదట్లోనే వచ్చినవాళ్ళు కొందరు లీవు పెట్టి, బాగై, మళ్ళీ బాయికి పోతున్నారని. అమ్మ ఆయన నోటివంకే చూస్తూ నిలబడింది. బాపు ఆ మంచం మీంచి లేవలేదు.

శవాన్ని ఇంటికి తెచ్చాక అందరికంటే ముందు వచ్చి అమ్మ మెడమీద పడి ఏడ్చింది పక్కింటామె. "ఏమైందే చెల్లె? మొన్నటిదాంక మంచిగనే ఉండె గదనే!"

"జరమొచ్చిందక్క. ఉత్త జరం," అంది అమ్మ.

మమ్మల్ని క్వార్టర్ ఖాళీ చెయ్యమన్నారు. సామాను కడుతున్న రోజుల్లోనే నల్లా పైపులు వెయ్యడానికి కూలీలు వచ్చారు. ఇళ్ళ వెనక, పెరళ్ళన్నిటి మీదుగా ఒకటే తిన్నని కాలువ తవ్వుకుంటూ వచ్చారు. దడులు పీకేశారు, మా సొరపాదు కోసేశారు. పారకు గుల్లలు తగిలి కరకరమన్నాయి. అమ్మ ముఖం పాలిపోయింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని తలుపు చాటుకు పోబోయి, ఆగిపోయింది.

గుల్లలు మా పెరట్లోనే లేవు. పక్కింటి పెరట్లోనూ, దాని అవతలిదాంట్లోనూ, ఆ పై దాంట్లోనూ తవ్విపోసిన మట్టి తెల్లగా ఉంది. కొన్ని కొత్తవి, ఇంకా పచ్చిరంగు పోలేదు. కొన్ని పాతవి, చేత్తో పట్టుకుంటే పొడి అయ్యేవి. ఆడవాళ్ళంతా ఎవరి వెనక తలుపు దగ్గర వాళ్ళు నిలబడ్డారు. ఎవరూ ఎవరి ముఖం చూడలేదు. ఇన్నాళ్ళూ ఒకే గోడకు అటూ ఇటూ రోళ్ళు దంచుకున్నాం మనం, అన్న మాట ఒక్కరి నోటి నుంచీ రాలేదు. నాకు అరవాలనిపించింది.

"ఏందక్క గిన్ని గుల్లలు?" అన్నాడొక కూలీ.

"కొంగలు దెచ్చి పడేస్తయ్," అంది పక్కింటామె టక్కున. నత్తలు తినే కొంగలు చెరువు మీద ఉండేమాట నిజమే. కానీ కొంగలు గుంటలు తవ్వి బూడిద చల్లవు కదా.

అమ్మ కాలువ దాటి ఆమె దగ్గరకు పోయింది. నేనూ వెంట వెళ్ళాను. అమ్మ గొంతు తగ్గించి అంది:

"అక్క, గా కొంగలు దెచ్చే నత్తలను నమ్మకు. నేను నమ్మి ఆగమైన. మందులున్నయట. ఇయ్యాల్నే బావను దవాఖానకు తీస్కపో."

ఆమె కళ్ళు నిండాయి. అమ్మ చెయ్యి పట్టుకుంది కూడా. అంతలో ఇంట్లోంచి వాళ్ళాయన సెకండ్ షిఫ్టుకు తయారై, బూట్లు వేసుకుంటున్న చప్పుడు వినిపించింది. ఆమె చెయ్యి వదిలేసింది.

"మా ఆయినకేమైంది చెల్లె? మంచిగనే ఉన్నడు," అంది, కూలీలకు వినపడేటంత గట్టిగా. కాలితో మట్టిని గుల్లల మీదికి నెట్టి లోపలికి పోయింది.

కాసేపటికి వాళ్ళ వంటింట్లో రోలు మోగడం మొదలైంది.