కవి ఉత్తరాలు, మల్లేశ్ కాగితాలు

2018. దోహాలో ఎటు చూసినా స్టేడియం పనులే. ఫరీజ్ అబ్దుల్ అజీజ్ పేటలోని మా ఫ్లాట్‌లో నేను ఇంగ్లీషు ట్యూషన్లు చెప్పేదాన్ని. శుక్రవారం పొద్దున ఇండస్ట్రియల్ ఏరియాలోని లేబర్ క్యాంప్ నుంచి మల్లేశ్ వచ్చేవాడు. జగిత్యాల వైపు మనిషి. సైట్‌లో స్కాఫోల్డర్, అంటే ఎత్తులో చేసే పనులకు పైపులతో పరంజా కట్టే పని. డిగ్రీలో ఇంగ్లీషు పేపరు ఒక్కటే బ్యాక్‌లాగ్‌ పడి ఉంది. జులైలో సెలవు మీద వెళ్ళి అది రాసి తీరాలని పట్టుదల.

సిలబస్‌లో పదిహేడో శతాబ్దపు ఇంగ్లీషు కవి ఒకాయన ఉన్నాడు. పార్లమెంటు సభ్యుడు కూడా. నేను కవితలు చెబుతుంటే మల్లేశ్ మధ్యలో ఆపాడు.

"మేడం, ఈయన ఎంపీగా ఏం జేసిండు?"

"తను పెరిగిన ఊరి తరఫున ఇంచుమించు ఇరవై ఏళ్ళు సభలో ఉన్నాడు. అక్కడ జరిగేదంతా ఊరి పెద్దలకు ఉత్తరాలు రాసేవాడు."

"ఏం రాసేటోడు?"

"ఏ బిల్లు ఎంతవరకు వచ్చింది, ఎక్కడ ఆగింది. సొంత అభిప్రాయాలు తక్కువ."

ఆ ముక్క నోట్సులో రాసుకుని కింద గీత గీసుకున్నాడు. ఎందుకో తర్వాత తెలిసింది. క్యాంప్‌లో వెల్ఫేర్ కమిటీ ఒకటుంది. పనివాళ్ళ ఇబ్బందులు కంపెనీకి చెప్పే కమిటీ అది. తోటివాళ్ళు దానికి మల్లేశ్‌ను ఎన్నుకున్నారు.

సైట్‌కి వెళ్ళే బస్సులో ఏసీ పాడై నెల దాటింది. మంచి ఎండాకాలం. వారంలో బాగు చేయిస్తామని మీటింగ్‌లో మేనేజర్ అన్నాడు. మల్లేశ్ ఆ మాటను తెలుగులో, హిందీలో రాసి మెస్ తలుపు పక్కన అతికించాడు. వారం గడిచాక "ఇంకా కాలేదు" అని ఇంకో కాగితం. ఆపైన మరొకటి.

సూపర్‌వైజర్ పిలిచి, "ఆ పేపర్లు పీకెయ్. నీకు జులైలో లీవ్ కావాలా, వద్దా?" అన్నాడట.

నాకు భయమేసింది. "పరీక్ష అయ్యేదాకా ఊరుకో మల్లేశ్," అన్నాను.

"నన్ను పంపింది వాళ్ళు మేడం. మీటింగ్‌ల ఏమైందో వాళ్ళకు చెప్పకపోతే నేను పోవుడెందుకు? తప్పు రాస్తే చూపెట్టున్రి, దిద్దుత అన్న. ఏం చూపెట్టలే."

లీవ్ రాలేదు. పరీక్ష పోయింది. ఇక చదువు మానేస్తాడనుకున్నాను. శుక్రవారం అదే టైముకి వచ్చి పుస్తకం తెరిచాడు. "యల్లా మేడం, ఇగ షురూ చెయ్యున్రి." కళ్ళు ఎర్రగా ఉన్నాయి. నేను పాఠం మొదలుపెట్టాను.

ఆగస్టులో మేనేజర్ మెస్‌కి వచ్చినప్పుడు ఆ కాగితాలు వరసగా చదివాడు. మూడో రోజుకి ఏసీ బాగైంది. మల్లేశ్ అదీ రాసి అతికించాడు. మరుసటి ఏడు సెలవు దొరికింది, పేపరు రాశాడు, బొటాబొటి మార్కులతో పాసయ్యాడు. కవితల మీద అడిగిన ప్రశ్నకు కూడా సగం ఉత్తరాల గురించే రాశానని ఫోన్‌లో చెప్పి నవ్వాడు.

అంతకుముందు ట్యూషన్లు చెప్పిన అన్నేళ్ళూ నేను ఆ కవి పదవి గురించి ఒక్క వాక్యం డిక్టేట్ చేసి ముందుకు వెళ్ళిపోయేదాన్ని. జనం నమ్మి పంపిన చోట జరిగింది జరిగినట్టు వాళ్ళకు చేరవేయడం ఎంత పెద్ద పనో మల్లేశ్‌ను చూశాకే తెలిసింది. ఇప్పుడు ఆ పాఠం ఉత్తరాలతోనే మొదలుపెడతాను.