తూకం లేని తిండి

బంగారు గనులు సర్కారు చేతికి వచ్చిన తర్వాతి ఆ రోజుల్లో, ఆండర్సన్‌పేట మొత్తం మీద డాక్టరు పెట్టిన గడువును కూడా బేరమాడి తగ్గించిన మొనగాడు ఎవరయ్యా అంటే, నేనే. అమ్మకు రెండు కళ్లలోనూ పొర వచ్చింది. పురిటికి వచ్చిన అక్క మూడు నెలల బిడ్డతో ఇంట్లోనే ఉంది. అమ్మకు ఆ మనవరాలు ఒక తెల్లటి మసక మాత్రమే. ఆపరేషన్ చేయాలంటే ముందు ఒంట్లో చక్కెర దిగాలంది కంటి డాక్టరమ్మ. "మాత్రలు మానొద్దు. అన్నం తగ్గించండి, తీపి వద్దు. పదైదు దినాలకు రండి." "పదైదెందుకు మేడం, పది చాలు" అన్నాను. ఇరవై రెండేళ్లవాణ్ణి, నాన్న కిరాణా అంగట్లో పెరిగినవాణ్ణి. ఎవరేం చెప్పినా మూడో వంతు తగ్గించి అడగడం నాకు ఊపిరి పీల్చడంలాంటిది.

అన్నం బదులు ఏం పెట్టాలా అని అంగడంతా కలయజూస్తే మూలన బొరుగుల మూట కనిపించింది. భుజం దాకా వచ్చే మూటను ఒంటి చేత్తో ఎత్తేయొచ్చు. తక్కెట్లో ఒకవైపు పావు కిలో రాయి పెట్టి, ఇంకోవైపు గుట్టగా బొరుగులు పోసినా రాయి కదల్లేదు (నిజంగానే పోసి చూశాను). బరువే లేనిదాంట్లో చక్కెర ఎక్కడ దాక్కుంటుంది? మూడు పూటలా అమ్మకు చేటెడు బొరుగులు. కాఫీ మాన్పించి, సంతలో ఎవరూ కొనని పుల్ల ద్రాక్ష గంపను బేరమాడి తెచ్చి, రసం పిండి లోటాలకొద్దీ తాగించాను. తీపి అన్న మాటే లేదని నా నాలుక హామీ ఇచ్చింది (బెల్లం నాకి రకం చెప్పే నాలుక అది). "ఇంత తినొచ్చునేమిరా?" అని అమ్మ అనుమానపడితే, "నువ్వు తినేది గాలిమ్మా, దిగులెందుకు?" అన్నాను.

పదో రోజునే అమ్మను ఆస్పత్రికి తీసుకుపోయాను. అప్పట్లో పరీక్షంటే నీలం మందులో నాలుగు చుక్కల మూత్రం వేసి, గాజు గొట్టంలో కాచడం. నీలంగానే ఉంటే మంచిది. ఎరుపు వైపు పోయేకొద్దీ చక్కెర ఎక్కువ. కిందటిసారి పసుపు దగ్గర ఆగింది. ఈసారి గొట్టం ఆకుపచ్చగా మారింది, పసుపైంది, అక్కడా ఆగలేదు. కాల్చిన ఇటుక రంగు. "గొట్టం బాగా కడిగినారా మేడం?" అన్నాను. ఇంకో గొట్టం పెట్టారు. ఇంకో ఇటుక.

"ఏం పెట్టినావప్పా ఆయమ్మకు?" అని అడిగింది డాక్టరమ్మ. చెప్పాను. ఆమె పెన్ను కింద పెట్టేసింది.

"బొరుగులంటే బియ్యమే కదప్పా. పొంగించినారు, అంతే. అన్నం మాదిరే రక్తంలోకి బిరబిరా పోతుంది. పుల్ల ద్రాక్షలో చక్కెర లేదని ఎవురు చెప్పినారు నీకు?"

"నా నాలుక మేడం."

"నాలుకకే తెలిసేదైతే నాకీ గొట్టాలెందుకు? ఇప్పుడు కన్ను కోస్తే పుండు మానదు. ఇంగ ఒక నెల పోనీ."

ఈసారి బేరం లేదు. చిన్న రాగిముద్ద, దానికి రెండింతలు ఆకుకూర, ఉడికించిన అలసందలు కాసిని, చప్పటి పల్చని మజ్జిగ, దాహానికి నీళ్లు. ఆమె చెప్పింది చెప్పినట్టే పెట్టాను. ఆ నెలలోనే ఒక పొద్దున అక్క బిడ్డ బోర్లా పడింది. మా ఇళ్లలో అది తీపి ఓళిగలు చేసి వీధంతా పంచే పండగ. అందరం చుట్టూ చేరి అరుస్తుంటే, అమ్మ చాప అంచు తడుముతూ, "యా పక్కకు పడిందిరా?" అని అడిగింది.

"కుడి పక్కకమ్మా" అన్నాను.

తర్వాత ఆపరేషన్ బాగానే జరిగింది. మనవరాలు పాకడం, నడవడం, నా చొక్కా జేబు చింపడం అన్నీ అమ్మ కళ్లారా చూసింది. ఇప్పుడు నాకూ చక్కెరే. నా కంచంలో ముద్ద సైజు చూసినప్పుడల్లా ఆ ఇరవై రెండేళ్ల మొనగాడు గుర్తొచ్చి నవ్వొస్తుంది. నవ్వయ్యాక, వాడి తెలివికి అమ్మ కట్టిన బిల్లు కూడా గుర్తొస్తుంది: ఒక నెల, అందులో ఒక పొద్దున.