మన ఓడ, మా ఓడ

నెల్లూరులో మా ఇంట్లో ‘ఎండెన్’ అంటే తిట్టు. చప్పుడు లేకుండా వచ్చి, దెబ్బ కొట్టి మాయమైపోయే మనిషి అని అర్థం. నా పెళ్లి భోజనాల దగ్గర మా పెద్దబావ అందరి ముందూ ఆ మాట నన్ను అన్నాడు. “వీడితో జాగ్రత్తమ్మా, ఎండెన్ గాడు. ఇవాళ నవ్వుతాడు, పదేళ్ల తర్వాత పేలుస్తాడు” అని పెళ్లికూతురికే చెప్పాడు. పంక్తి అంతా నవ్వింది. ఆయన పోయి చాలా కాలమైంది. నేను మర్చిపోలేదు.

అది ఒక జర్మన్ యుద్ధనౌక పేరని తర్వాత తెలిసింది. మొదటి ప్రపంచయుద్ధం మొదలైన ఏడాది చీకట్లో వచ్చి, మద్రాసు మీద గుండ్లు కురిపించి, చమురు ట్యాంకులు తగలబెట్టి పోయింది. అప్పుడక్కడున్న మా ముత్తాత పిల్లల్ని బండెక్కించుకుని నెల్లూరు పారిపోయి వచ్చాడు. చైనాలో రేవు, ఆస్ట్రేలియా నెత్తిమీద న్యూగినీ, పసిఫిక్‌లో దీవులు, ఇవేవీ జర్మన్ చక్రవర్తికి చాలలేదు. ఇంగ్లీషువాడికి ఉన్నంత తనకూ కావాలన్నాడు. ఇంగ్లీషువాడు ఉన్నదేదీ వదలనన్నాడు. ఇద్దరిలో ఎవరూ మా ముత్తాతను అడగలేదు.

మేముండేది సిడ్నీ శివార్లలో, ఎడ్మండ్‌సన్ పార్క్‌లో. సైన్యం సాధన చేసే అడవి దగ్గరే. గుండ్ల చప్పుడుకి కొన్ని సాయంత్రాలు వంటింటి అద్దాలు అదురుతాయి. ఇల్లు అమ్మినవాడు ఆ సంగతి చెప్పలేదు. అప్పటి నుంచి ఫిర్యాదులు రాస్తూనే ఉన్నాను. ఈ మధ్య చప్పుళ్లు ఎక్కువయ్యాయి. “అదంతా మీ భ్రమండీ” అంటుంది నా భార్య. టీవీలో మాత్రం రోజూ ఈ దేశం కొనబోయే జలాంతర్గాముల మాటే.

పోయిన చలికాలం, జూలైలో ఒక ఆదివారం, యూనివర్సిటీ చివరి ఏడాదిలో ఉన్న మా అమ్మాయి నన్ను సిటీకి తీసుకెళ్లింది. ఎందుకో చెప్పలేదు. పార్కు మూలన రాతి దిమ్మె మీద ఒక ఫిరంగి ఉంది. కింద చెక్కిన పేరు చదివి ఆగిపోయాను. ఎండెన్.

“సర్‌ప్రైజ్! నీ ఎండెన్, నాన్నా. మన ఆస్ట్రేలియా షిప్ దీన్ని ఫినిష్ చేసింది.”

“మన షిప్పేంటే? అందులో మనవాళ్లెవరున్నారు?”

‘మన’కీ ‘మా’కీ తేడా దానికి చిన్నప్పటి నుంచీ రాదు. “మన ఫ్రెండ్స్‌తో మూవీకి వెళ్తున్నా” అనేది. “నన్నూ తీసుకెళ్తున్నావా? నేను లేనప్పుడు ‘మా’ అనాలి” అని ప్రతిసారీ దిద్దేవాణ్ణి.

“ఈ దిమ్మె మీద మద్రాసు మాటే లేదు. రాస్తాను వీళ్లకి” అన్నాను.

“ప్లీజ్ నాన్నా. లాస్ట్ వీకే చెత్త బిన్స్ గురించి రాశావ్.” ఫిరంగి వైపు చూస్తూ, “ఐ జాయిన్డ్ ద నేవీ. అమ్మకి తెలుసు” అంది.

“ఎప్పటి నుంచి?”

“ఈస్టర్.”

ఈస్టర్ నుంచి రోజూ పొద్దున్నే నాకు కాఫీ ఇచ్చి, నా ఎదురుగానే కూర్చుంటోంది వాళ్లమ్మ.

“నాకెందుకు చెప్పలేదు?”

“చెప్తే వాళ్లకీ రాస్తావు కదా, నాన్నా.”

నిజమే, రాసేవాణ్ణి. ఇప్పుడు సంతకాలు కూడా అయిపోయాయట.

“ఎటు పంపుతారు?”

“తెలీదు. నార్త్ అనుకుంటా. ఐలండ్స్ సైడ్.”

ఆ దీవులే. నూరేళ్ల కిందట జెండాలు మార్చుకున్న ఆ దీవులే. ఇప్పుడెవరికి ఏం చాలడం లేదో!

“యుద్ధం వస్తే?”

అది చలికి చేతులు జేబుల్లో పెట్టుకుని, “ట్రైనింగ్ అయ్యాక తెలుస్తుంది, మా షిప్ ఎక్కడికెళ్తుందో” అంది.

మా షిప్. మొదటిసారి తప్పు లేకుండా అంది. దిద్దడానికి నాకేమీ మిగల్లేదు.

ఆ సాయంత్రం అడవి వైపు నుంచి మళ్లీ మొదలైంది. షెల్ఫులో స్టీలు గ్లాసులు ఒకదానికొకటి తగిలి సన్నగా మోగాయి. నా భార్య స్టవ్ తగ్గించి, కిటికీ వైపు చూస్తూ నిలబడింది. భ్రమ అని మాత్రం అనలేదు.