పైకి విసిరిన రాయి

ఇంటర్ రెండో సంవత్సరంలో నన్ను మూడు నెలలు ఇంటికి పోనీకుండా ఆపింది ఒక రాయి. నిజం రాయి కాదు, ఫిజిక్స్ పేపర్లో పైకి విసిరిన రాయి.

తిరుపతిలో మా రెసిడెన్షియల్ కాలేజీ ఐదంతస్తుల బిల్డింగు. వరండాలకు కూడా ఇనప గ్రిల్లులే. పొద్దున ఐదుకు బెల్లు కొడితే మళ్ళా రాత్రి పదికే వదిలేది. ఫోను లేదు, గేటు దాటేది లేదు. నెలాఖరు పరీక్షలో వాళ్ళు చెప్పినన్ని మార్కులు తెచ్చుకున్నోళ్ళకు మాత్రం ఒక ఆదివారం ఔటింగు, ఇంటికి పోయి రావచ్చు. నాకు ప్రతిసారీ ఒకటో రెండో మార్కులు తగ్గేవి. మా ఊరు పలమనేరు చలి, అమ్మ చేతి రాగి సంగటి తలుచుకుంటా పండుకునేదాన్ని. ఆ గ్రిల్లుల వెనక నిజంగానే ఊపిరాడేది కాదు.

ఆ పాడు ప్రశ్న ఏదో ఒక వేషంలో వస్తానే ఉండె. పైకి విసిరిన రాయి బాగా ఎత్తుకు పోయి ఒక్క క్షణం ఆగుతాది గదా, అప్పుడు దాని త్వరణం ఎంత? నేను సున్నా అని రాసేదాన్ని. ఆగిపోయినదానికి త్వరణం యాడిది? సార్‌ని అడిగితే "తొమ్మిది పాయింట్ ఎనిమిది, కిందికి. బట్టీ కొట్టమ్మా, టైము తినొద్దు" అన్నాడు. క్లాసంతా బట్టీ కొట్టింది. నాకేమో మొండి, తలకెక్కంది చేత్తో రాయలేను. "రాస్తే నీ సొమ్మేం పోతాదే?" అని పక్క మంచం పిల్ల తిట్టేది.

మూడో నెల నాయన నన్ను చూసేదానికి వచ్చినాడు. ఆయన పలమనేరు నుంచి చిత్తూరుకు పాల వ్యాను తోలతాడు. గేటుకు అవతల ఆయన, ఇవతల నేను.

"నాయనా, నన్ను ఇంటికి పిల్చుకపో. ఈడ నేను బతకలేను. ఒక్క ప్రశ్న కాడ మార్కులు పోయి ఔటింగు ఇస్తా లేరు" అన్నా.

ఆయన తల గోక్కున్నాడు. "ఔటింగు ఇస్తే పిల్చుకపోతా గదమ్మా. అదేం ప్రశ్నో నాకు చెప్పు."

నాకు ఒళ్ళు మండింది. నీకేం తెలుస్తాది అనే మాట నోటిదాకా వచ్చింది. అయినా చెప్పినా.

నాయన నవ్వినాడు. "ఘాట్ ఎక్కతా ఉంటే గేరు జారి న్యూట్రల్లో పడిందనుకో. బండి కొంచెం ముందుకే పోతాది, మెల్లగా అయితాది, ఒక చోట ఆగతాది. ఆగింది గదా అని నేను బ్రేకు తొక్కకుండా కూర్చుంటానా? ఆగినా గానీ వాలు లాగతానే ఉంటాదమ్మా. అది లాగకుంటే బండి ఆడనే నిలిచిపోవాల గదా? యాడ నిలస్తాది, సర్రున వెనక్కొస్తాది."

నేను గేటు కమ్మీ పట్టుకోని అట్నే నిలబడిపోయినా. అబ్బ, ఇంతేనా! పైన త్వరణం కూడా సున్నా అయితే రాయి ఇంక కిందికే రాదు, గాల్లోనే ఉండిపోవాల. వేగం సున్నా అయ్యేది వేరు, వేగం మారేది ఆగిపోయేది వేరు. పైకి పోతా తగ్గేటప్పుడూ, ఆగినప్పుడూ, కిందికి వస్తా పెరిగేటప్పుడూ లాగేది ఒకటే. త్వరణం అంటే స్పీడే అనుకోని కూర్చుంది ఇన్నాళ్ళూ నా బుర్ర.

ఆ నెల పరీక్షలో ఆ ముడి విడిపోయేసరికి దాని చుట్టూ ఉండే లెక్కలన్నీ వచ్చేసినాయి. సార్ నా పేపరు పట్టుకోని "ఎట్ల తెలిసిందమ్మా?" అంటే నాయన వ్యాను సంగతి చెప్పినా. మార్కులు దాటినోళ్ళ లిస్టులో నా నంబరు చూసుకోని, శనివారం సాయంత్రానికే బ్యాగు సర్దేసినా.

ఆదివారం నాయన ఇస్త్రీ చొక్కా వేసుకోని వచ్చినాడు. వార్డెన్ మేడం రిజిస్టర్ తిరగేసి నవ్వింది. "మీ పాపను టాప్ బ్యాచ్‌లోకి మార్చినారండీ. ఎంట్రన్స్ అయ్యేదాకా ఆ బ్యాచ్‌కు ఔటింగులు లేవు."

కొట్లాడతాడేమో అని నాయన దిక్కు చూసినా. ఆయన మేడంకు రెండు చేతులూ జోడించినాడు. "చానా సంతోషం మేడం" అన్నాడు.

తర్వాత నా పక్కకు తిరిగినాడు. "సూడు తల్లీ, నేను చెప్పిందే రాసినావంట గదా. సార్ ఫోన్ చేసి చెప్పినాడు." ఏడో తరగతిలో బడి మానేసిన మనిషి. ఆయన కండ్లలో నీళ్ళు తిరగతా ఉండాయి.

ఆ మొహం చూసి ఇంటికి పిల్చుకపో నాయనా అని ఎట్ల అనేది?

"అవును నాయనా, నువ్వు చెప్పిందే" అని, బ్యాగు తీసుకోని మెట్లెక్కినా.